పన్నెండు వేల అప్పు, ఇరవై ఎనిమిది వేల ఇల్లు

1979. జనగామ స్టేషన్‌కు దగ్గరలో ఒక పాత పెంకుటింట్లో మా గృహ నిర్మాణ సహకార సంఘం ఆఫీసు ఉండేది. నేను అక్కడ లోన్ల క్లర్కుని. మా ఊరు తరిగొప్పుల. అరవై తొమ్మిది తెలంగాణ ఉద్యమంలో కాలేజీలు మూతబడి నాకు ఒక చదువు సంవత్సరం పోయింది. డిగ్రీ ఆలస్యంగా ముగించి, దొరికిన ఉద్యోగంలో చేరిపోయాను. లెక్కల్లో మంచి మార్కులు వచ్చినవాణ్ణే. అయినా ఏడేళ్ల పాటు ఇళ్ల అప్పుల కాగితాలు రాసి కూడా, ఒక్క మనిషికైనా ఆ అప్పు తీరేనాటికి మొత్తం ఎంత కట్టాల్సి వస్తుందో నేను లెక్క వేసి చూడలేదు. అడిగినవాళ్లూ లేరు. మొదటిసారి అడిగింది శాంతమ్మ.

ఆమె లింగాల ఘనపూర్ ఆరోగ్య ఉపకేంద్రంలో నర్సు. రోజూ జనగామ నుంచి బస్సులో పోయి వచ్చేది. భర్త దావీదు సుతారి మేస్త్రి. ఇటుక గోడలు లేపడం, సిమెంటు పూత పూయడం అతని పని. జనగామలో కొత్తగా లేచిన ఇళ్లలో చాలా వాటికి అతని చేయి పడింది. తాను మాత్రం భార్యతో, ఇద్దరు ఆడపిల్లలతో ఒక్క గది కిరాయి ఇంట్లో ఉన్నాడు. ఊరి చివర చిన్న ప్లాటు కొని, రెండు గదులు, ఒక వంటిల్లు, పైన స్లాబు వేసుకోవాలని మా దగ్గరికి వచ్చారు.

మా సంఘం అప్పును మార్ట్‌గేజ్ మీద ఇచ్చేది. మార్ట్‌గేజ్ అంటే తనఖా. ఇంట్లో వాళ్లే ఉంటారు, దస్తావేజులు మాత్రం అప్పు తీరేదాకా మా బీరువాలో ఉంటాయి. వాళ్లకు మంజూరైంది పన్నెండు వేలు. వడ్డీ ఏడాదికి నూటికి పది. గడువు ఇరవై ఏళ్లు. నెలకు కిస్తీ నూట పద్దెనిమిది రూపాయలు.

దావీదు కాగితాలు చూడకుండానే పెన్ను తీసుకున్నాడు. శాంతమ్మ అతని మోచెయ్యి పట్టుకుని ఆపింది.

"సార్, ఆఖరికి అన్ని కలిపి ఎంత కడ్తం?"

"నెలకు నూట పద్దెనిమిది అక్కా."

"గది తెల్సు. ఇరవై ఏండ్లకు మొత్తం ఎంతయితది?"

వాళ్ల వెనక ఇంకో ఇద్దరు కాగితాలు పట్టుకుని నిలబడ్డారు. "గంత దూరం లెక్క ఎందుకక్కా? నెలనెల కట్టుకుంట పోతే అదే తీరుతది" అన్నాను. ఆమె ముఖంలో తృప్తి లేదు. కానీ దావీదు అప్పటికే సంతకం పెట్టేశాడు. "కిరాయి కట్టినట్టే కదనే" అంటూ పెన్ను ఆమె చేతికిచ్చాడు. ఆమె కూడా పెట్టింది.

ఇల్లు తొందరగానే లేచింది. మేస్త్రి కూలి మిగిలింది కదా. ఆ డబ్బు తలుపులకూ కిటికీలకూ సరిపోయింది. గోడలకు పూత తర్వాత చూసుకుందామని గృహప్రవేశం చేశారు. పాస్టరు వచ్చి ప్రార్థన చేశాడు. నన్నూ పిలిచారు, పోయాను. దావీదు నన్ను నిచ్చెన ఎక్కించి స్లాబు మీదికి తీసుకుపోయి, "కాలుతోని తన్ని చూడుండ్రి సారూ, ఎట్లున్నదో" అన్నాడు.

మరుసటి ఏడాది ఏప్రిల్‌లో, మార్చి లెక్కలు ముగిశాక, అప్పు తీసుకున్నవాళ్లందరికీ బాకీ చీటీలు పంపాము. రెండు రోజులకే భార్యాభర్తలిద్దరూ వచ్చారు. శాంతమ్మ చీటీని నా టేబుల్ మీద పరిచింది.

"పన్నెండు నెలలు, ఒక్క నెల తప్పకుంట కట్టిన. పద్నాలుగొందల పదహారు. గిండ్ల రెండొందల పదహారే తగ్గినయి. పదకొండు వేల ఏడొందల ఎనభై నాలుగు ఇంక బాకీ అని రాసిండ్రు."

దావీదు గొంతు లేచింది. "మా పైసలు ఎవరు తిన్నరు సారూ? పన్నెండొందలు ఏడ వొయినయి?"

ఆఫీసులో అందరూ తలెత్తి చూశారు. నాకు కోపం రావాలి. కానీ అతను అడిగిన తీరులో దొంగతనం పట్టుకున్న మనిషి పౌరుషం కంటే, దెబ్బ ఎక్కడ తగిలిందో తెలియని మనిషి కలవరం ఎక్కువ కనిపించింది. కూర్చోమన్నాను.

"ఎవరు తినలే అన్నా. పన్నెండు వేలకు ఏడాది వడ్డీ పన్నెండొందలు. మీరు కట్టిన దాంట్ల ముందుగాల గది పోతది. మిగిలిన రెండొందల పదహారే అసలులకెళ్లి తగ్గుతది."

"మరి ఇరవై ఏండ్లు గిట్లనేనా?"

ఆ ప్రశ్నకు జవాబు నాకూ తెలియదు. భోజనాల వేళ అయింది. టిఫిన్ డబ్బా పక్కన పెట్టి, ఒక తెల్ల ఠావు మీద ఇరవై గీతలు గీశాను. ఒక్కో గీతకూ ఏడాది మొదట ఉన్న బాకీ, దాని మీద వడ్డీ, అసలుకు పోయేది, చివర మిగిలేది రాస్తూ పోయాను. వాళ్లిద్దరూ ఎదురుగా కూర్చుని చూశారు. పదో గీత దగ్గర శాంతమ్మ వేలు పెట్టింది.

"గిది ఎన్నో ఏడు?"

"పదోది."

"అప్పటికి ఎంత కట్టి ఉంట?"

"పద్నాలుగు వేల నూట అరవై."

"తీసుకున్నదానికంటే ఎక్కువనే కడ్త. ఇంక ఎంతుంటది?"

"ఎనిమిది వేల అయిదొందల యాభై ఏడు."

ఆమె వేలు తీయలేదు. "అప్పటికి మా పెద్దదాని చదువు గూడ అయిపోతది" అంది మెల్లగా. ఇరవయ్యో గీత దాకా రాసి, కట్టేవన్నీ కూడి చూశాను. పన్నెండు వేలకు వాళ్లు కట్టవలసింది ఇంచుమించు ఇరవై ఎనిమిది వేలు. ఆ అంకె రాసి నేనే పెన్ను కింద పెట్టాను. ఇన్నేళ్లలో ఎన్ని వందల మంది చేత సంతకాలు పెట్టించానో అప్పుడు గుర్తుకొచ్చింది.

దావీదు ఇంకో రెండు గదులకు మళ్లీ అప్పు అడుగుదామని అంతకుముందు అనుకున్నాడట. ఆ మాట తర్వాతెప్పుడో శాంతమ్మ చెప్పింది.

"ముందుగాల కడితే తగ్గుతదా సార్?" అని ఆమె అడిగింది.

"తగ్గుతది అక్కా. ఎంత తొందరగ కడితే అంత మంచిది."

వారం తిరక్కముందే చిట్టీ పాడుకుని వెయ్యి రూపాయలు తెచ్చింది. నేను లెక్కపెట్టుకుని, రసీదు రాసి ఇచ్చాను. అక్కడే తప్పు చేశాను.

మా నిబంధనల్లో పార్ట్ పేమెంట్ అని ఒకటి ఉంది. కిస్తీ కాకుండా అదనంగా కట్టే సొమ్మును, "దీన్ని అసలుకు జమ చేయండి" అని ఉత్తరం రాసిస్తే, ఆ రోజు నుంచే అసలులోంచి తగ్గించాలి, వడ్డీ కూడా ఆ మేరకు తగ్గాలి. ఉత్తరం లేకపోతే ఆ సొమ్ము రాబోయే నెలల కిస్తీల కింద ఊరికే పడి ఉంటుంది. అసలు పైసా తగ్గదు. అదనంగా ఎవరు ఏం కట్టినా 'ముందస్తు కిస్తీలు' అని రాసేయడం మా ఆఫీసులో అలవాటు. ఉత్తరం సంగతి ఎవరికీ చెప్పేవాళ్లం కాదు. నేనూ చెయ్యి అలవాటు కొద్దీ అదే రాశాను.

ఆ సంగతి ఏడాది తర్వాత, మార్చి ఆఖరి వారంలో లెడ్జరు ముగిస్తుంటే కంటపడింది. శాంతమ్మ నెలనెలా కిస్తీ కడుతూనే ఉంది కాబట్టి, ఆమె ఖాతాలో ఆ వెయ్యి రూపాయలు పదకొండు నెలలకు పైగా కదలకుండా ఉన్నాయి. అసలులోంచి అవి తగ్గలేదు. పక్కన నా చేతిరాత. నేను నోరు మెదపకపోతే ఎవరికీ తెలియదు. కానీ లెడ్జరు మీద మా సంఘం కార్యదర్శి సంతకం పడిందంటే ఆ ఏడు లెక్క మళ్లీ తెరవరు.

మరునాడు సెలవు చీటీ పెట్టి ఘనపూర్ బస్సెక్కాను. ఉపకేంద్రం వసారాలో తల్లులు పసిపిల్లలను ఎత్తుకుని వరసగా కూర్చున్నారు. శాంతమ్మ సూదులు వేస్తోంది. ఒక్కో తల్లికీ ఒకటే మాట చెబుతోంది: "ఇయ్యాల రాత్రికి జ్వరం వస్తది, భయపడకు, పాలు ఆపకు." నన్ను చూసి "కూసోండ్రి సార్" అంది. గంట సేపు కూర్చున్నాను.

అందరూ పోయాక చేతులు కడుక్కుని వచ్చింది. జరిగింది చెప్పి, ఇప్పుడైనా ఉత్తరం రాసివ్వమన్నాను. ఆమె చేతులు తుడుచుకుంటూ విన్నది.

"ఎంత నష్టం?"

"ఏడాది వడ్డీ. నూరు రూపాయలు."

"నూరు రూపాయలంటే ఆయన వారం దినాల కూలి సార్."

ఆమె తువ్వాలు కొక్కేనికి తగిలించింది.

"మీరు చెప్పకపోతే నాకు తెలుస్తుండెనా?"

"తెలువకపోతుండె."

"మరెందుకొచ్చిండ్రు?"

"రాసింది నేనే కదక్కా" అన్నాను.

ఆమె రిజిస్టరు లోంచి ఒక తెల్ల కాగితం తీసి, "చెప్పుండ్రి, ఏం రాయాలె?" అంది. రాసి, సంతకం పెట్టి, మడిచి ఇస్తూ మాత్రం అంది: "సూది ఏస్తే జ్వరం వస్తదని ముందుగాల చెప్పకపోతే, తెల్లారి ఆ తల్లి నా మీదికి కొట్లాటకు వస్తది. మళ్ల సూదికి రానే రాదు. మీ తాన మనుషులు కొట్లాడరు సార్, గంతే తేడా."

ఉత్తరం చూసి మా కార్యదర్శికి కోపం వచ్చింది. పెద్దాయన, చెడ్డవాడు కాదు. సంఘం నష్టాల్లో పడకుండా కాపాడుకొచ్చినవాడు. "వడ్డీ వస్తేనే కదయ్యా మన జీతాలు. నువ్వు ఇంటింటికి పోయి వడ్డీ తగ్గించుకొమ్మని చెప్పొస్తవా?" అన్నాడు. ఉత్తరం ఏ రోజు వస్తే ఆ రోజు నుంచే లెక్క అన్నాడు. పోయిన ఏడాది నూరు వెనక్కి రాదు. నా అజాగ్రత్తకు సంజాయిషీ రాసిమ్మన్నాడు. రాసిచ్చాను. కానీ వెయ్యి రూపాయలు అసలులోంచి తగ్గించే కాగితం మీద ఆయనే సంతకం పెట్టాడు.

జీతం అందగానే నూరు రూపాయలు జేబులో పెట్టుకుని వాళ్లింటికి పోయాను. ఇటుక గోడలు ఇంకా పూత లేకుండానే ఉన్నాయి. శాంతమ్మ లోపలికి పోయి రేకు పెట్టెలోంచి ఆ రసీదు తీసుకొచ్చింది. వెలుతురులో పట్టుకుని చదివింది.

"ముందస్తు కిస్తీలు అని రాసే ఉన్నది. నాకు చదువొస్తది. చదవలే." నేనిచ్చిన రెండు యాభై నోట్లలో ఒకటి తీసుకుని రెండోది నాకు తిరిగి ఇచ్చింది. "సగం తప్పు నాది."

దావీదు గుమ్మంలో కూర్చుని ఉన్నాడు. "సారూ, ఊరందరి గోడలకు పూత పూస్త. నా ఇంటికే లేదని తోటి సుతారోళ్లు నవ్వుతుండ్రు. సిమెంటుకు పైసలు తీస్తనంటే ఈమె సంఘంల కడ్తనంటది" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు కానీ, గోడ మీద అరచెయ్యి ఆనించి దాన్ని నిమురుతూ ఉన్నాడు. వడ్డీ పట్టికలో అతని సిగ్గుకు గడి లేదు. ముందుగా అప్పు తీర్చడానికీ ఒక ధర ఉందని నాకు ఆ రోజు అర్థమైంది.

తర్వాత ఏటా మార్చిలో ఆమె ఉత్తరంతో సహా వచ్చేది. ఒక ఏడు ఆరు వందలు. జీతం బకాయిలు వచ్చిన ఏడు పదిహేను వందలు. దావీదు పరంజా మీది నుంచి పడి కాలు విరిగిన ఏడు ఏమీ లేదు. "ఈసారి లేవు సార్" అని చెప్పడానికి కూడా పని కట్టుకుని వచ్చింది. కిస్తీ మాత్రం ఆ ఏడూ తప్పలేదు. 1988 మార్చిలో, తొమ్మిదేళ్లకు, ఆఖరి రూపాయి కట్టింది. మొత్తం పద్దెనిమిది వేల ఎనిమిది వందల చిల్లర అయింది. తొమ్మిది వేలకు పైగా మిగిలింది. బీరువాలోంచి దస్తావేజులు తీసి ఇస్తే, ఇద్దరూ అక్కడే బెంచీ మీద కూర్చుని, మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదివి, అప్పుడు లేచారు.

ఆ ఉత్తరం సంగతి జరిగినప్పటి నుంచి నేను అప్పు కాగితంతో పాటు ఇరవై గీతల పట్టిక కూడా కార్బన్ పెట్టి రాసి ఇచ్చేవాణ్ణి. చివరి అంకె చదివి వినిపించాకే పెన్ను ఇచ్చేవాణ్ణి. కొందరు లేచి వెళ్లిపోయారు. కొందరు గదులు తగ్గించుకున్నారు. కార్యదర్శి గొణిగాడు, కానీ మాన్పించలేదు.

తర్వాత నన్ను మహబూబాబాద్ బ్రాంచికి వేశారు. అక్కడ ఒకసారి ఒక రైల్వే గ్యాంగ్‌మన్ అప్పుకు వచ్చాడు. నడివయసు మనిషి. పట్టిక అంతా చదివి, తీసుకున్నదానికి రెండింతల పైన అవుతుందని చెప్పాను. చిన్న ఇల్లు కట్టుకోవచ్చని, ముందుగా తీర్చే దారి ఉందని చెప్పాను.

"ఎక్కువనే సారూ" అన్నాడు. "కాని మా అవ్వకు దమ్ము రోగం. కిరాయింటోళ్లు రాత్రంతా దగ్గుతదని మూడిండ్లు ఖాళీ చేయించిండ్రు. ఆమె ఉన్నన్ని దినాలు ఎవలు లేపకుంట పండుకోవాలె. ఇయ్యండ్రి, పెడ్త."

పెన్ను ఇచ్చాను. ఎంత అవుతుందో అతనికి తెలుసు. ఎందుకు కడుతున్నాడో కూడా తెలుసు. మొదటిది చెప్పడం నా పని. రెండోది నిర్ణయించుకోవలసింది అతను. ఆ రెంటి మధ్య గీత ఎక్కడ ఉందో తెలుసుకోవడానికి నాకు ఇన్నేళ్ల ఉద్యోగం పట్టింది.