ఇంకా తగ్గుతుందటగా

నిజాంపేటలో ఒక అపార్ట్‌మెంట్ డాబా మీద సోలార్ ప్యానెళ్లు పెట్టే పని కోసం మూడేళ్లు తిరిగాను. లిఫ్టుకీ మోటారుకీ కరెంటు బిల్లు మోయలేక సంఘం కార్యదర్శే నన్ను పిలిచాడు. ఆయన హైటెక్ సిటీలో పెద్ద ఉద్యోగి. నేను ఏడో తరగతిలోనే మా పంతుళ్లకు విముక్తి ప్రసాదించినవాణ్ణి. ఈ పని దొరికితే సొంత దుకాణం తెరవాలని నా ఆశ.

మొదటి ఏడు ధర చెప్పగానే ఆయన ఫోన్ చూసి, "ప్రపంచమంతా ప్యానెళ్ల ధరలు పడిపోతున్నాయటండీ, ఇంకా తగ్గనివ్వండి" అన్నాడు.

మరుసటి ఏడు నిజంగానే తగ్గాయి. సంబరంగా వెళ్లి సంఘం కమిటీ మీటింగులో ఆయనకు చెప్పాను.

"చూశారా, ఆగితే ఎంత లాభమో! ఇంకొన్నాళ్లు ఆగుదామండీ."

"గిట్లయితే బియ్యం గూడ కొనకుండ్రి సార్. పంటొస్తే తగ్గుతయి గద!"

కమిటీ అంతా నవ్వింది. సంతకం మాత్రం ఎవరూ పెట్టలేదు.

మొన్న చలికాలంలో ఆయనే రమ్మన్నాడు. ఇక పని ఖాయమని, ఆ ఉదయమే దుకాణం పెట్టుకోవడానికి ఒక మడిగె కిరాయికి మాట్లాడుకుని వెళ్లాను. డాబా ఎక్కి చూస్తే మూడు వైపులా కొత్త టవర్లు లేచాయి. మధ్యాహ్నం కాసేపు తప్ప అంతా నీడే.

"ఎండ తక్కువ కదండీ, మీరూ కాస్త తగ్గించాలి."

"ధరంటే తగ్గిస్త సార్. ఎండ యాడికెల్లి తేవాలె?"

ఆయన మళ్లీ ఫోన్ చూశాడు. "నీడలో కూడా బాగా పనిచేసేవి వస్తున్నాయటండీ. ఆగుదామా?"

కొలతల టేపు చుట్టేసి, మడిగె వద్దని చెప్పడానికి ఫోన్ తీశాను.