రెండు కొండల కోసం మూడు నెలలు

మొన్న మా స్కూలు స్టాఫ్ రూమ్‌లో, కొత్తగా చేరిన గోదావరి జిల్లా టీచరమ్మ తన పది నెలల బాబుకి మూడోసారి చెవి కారుతోందని చెప్పింది. ఆమె మామూలుగానే చెప్పింది. వినగానే నేనే మామూలుగా ఉండలేకపోయాను. తింటున్న టిఫిన్ డబ్బా పక్కకి నెట్టి, పాలు పడుకోబెట్టి పడుతున్నావా ఎత్తుకుని పడుతున్నావా, రబ్బరు పీక ఎంతసేపు నోట్లో ఉంటుంది, క్రెష్‌లో ఎంతమంది పిల్లలున్నారు, ఇంట్లో పొగ ఉంటుందా అని ఊపిరి తిప్పుకోకుండా అడిగేశాను. "మా ఇంట్లో ఎవరూ సిగరెట్ ముట్టరండీ" అంది ఆమె, కాస్త నొచ్చుకుని. "సిగరెట్ సంగతి కాదమ్మా. స్నానం చేయించాక సాంబ్రాణి వేస్తారా?" అన్నాను. "మీకెలా తెలుసండీ?" అని నా మొహంలోకి చూసింది. తెలియకేం. పదకొండేళ్ల కిందట ఒమాన్‌లో, ఇదే సోహార్‌లో, ఇదే ప్రశ్నకి, మా ఇంటిల్లిపాదీ సరిగ్గా అదే జవాబు చెప్పాం, అదే గర్వంతో.

మాది ప్రొద్దుటూరు దగ్గర ఒక పల్లె. మా ఆయన చదునైన ఎడారి నడుమ దుక్మ్ క్యాంపులో రెండేళ్లు ఎండకి మాడి, ఆ తరువాత ఇక్కడి స్టీలు ప్లాంటుకి మారారు. పాపకి ఆరు నెలలు నిండి నేను తిరిగి స్కూలుకి వెళ్లాల్సి వచ్చినప్పుడు, మనవరాలిని చూసుకోవడానికి మా అత్త వచ్చింది. మస్కట్‌లో విమానం దిగి, రెండు గంటలకి పైగా కారులో కూర్చుని, ఇల్లు చేరి కాళ్లయినా కడుక్కోకుండా ఆవిడ అడిగిన మొదటి మాట, "ఈడ సాంబ్రాణి దొరుకుతాదామ్మే?" అని. నాకు నవ్వాగలేదు. అది పుట్టిన దేశానికే వచ్చి దొరుకుతుందా అంటోంది. శుక్రవారం సాయంత్రం సూక్‌కి, అంటే ఇక్కడి బజారుకి, తీసుకెళ్లాం. అక్కడ గోతాల నిండా లుబాన్ అనే ఇక్కడి సాంబ్రాణి, పచ్చనివి, తెల్లనివి, ఎర్రనివి, వేటి రాశి వాటిదే. అంగడి ముసలాయన ఒక పలుకు తీసి నిప్పు మీద వేశాడు. మా అత్త కళ్లు మూసుకుని పీల్చింది. ప్రొద్దుటూరు బంగారం అంగట్లో గాజులు ముందు పెడితే ఆడవాళ్ల మొహాల్లో కనిపించే వెలుగు ఆవిడ మొహంలో కనిపించింది. "ఇన్నేండ్లు మనకు మట్టిబెడ్డలు అంటగట్టినారు కదమ్మే" అని, రెండు కిలోలు కట్టించుకుంది. దారంతా ఆ సంచి ఒళ్లోనే పెట్టుకుని కూర్చుంది.

ఇక మొదలైంది పాప స్నానాల వైభోగం. పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి. నూనె పట్టించి, నలుగు పెట్టి, కాళ్ల మీద బోర్లా వేసుకుని కాగిన నీళ్లు పోసి, తుడిచాక రెండు చెవుల్లో ఉఫ్ ఉఫ్ అని ఊది, ఆ తరువాత పొగ. ఊళ్లో అయితే పొయ్యిలోంచి నాలుగు నిప్పులు తీసుకునేది. ఇక్కడ పొయ్యి ఎక్కడిది, అందుకని అంగట్లో దొరికే బొగ్గు బిళ్లలు గ్యాస్ మంట మీద అంటించి, మట్టి మూకుట్లో పెట్టి, పైన లుబాన్ చల్లేది. ఆ పొగ మీద పాపని అటూ ఇటూ తిప్పుతూ తల ఆరబెట్టేది. "పొగ పడితే తల్లోని నీళ్లు ఇగిరిపోతాయి, జలుబన్న మాటే ఉండదు" అనేది. ఊళ్లో మా ఇంట్లో పొగ వేసేది నడిమింట్లో. ముందు తలుపూ వెనక తలుపూ బార్లా తెరిచి ఉంటాయి, పొగ వచ్చిన దారినే పోతుంది. సోహార్‌లో ఎండాకాలం కిటికీ రెక్క తీస్తే కొలిమి ముందు నిలబడ్డట్టే. ఏసీ వేసి, తలుపులన్నీ బిగించి, తలుపు కింది సందులో గుడ్డ కూడా దోపేవాళ్లం. పొద్దుటి పొగ సాయంత్రం దాకా ఇంట్లోనే కాపురం ఉండేది. ఒకరోజు వరండాలో పొగ గంట మోగితే, బంగ్లాదేశ్ వాచ్‌మన్ పరుగున పైకొచ్చాడు. తలుపు తీయగానే ముక్కు ఎగబీల్చి, వాసన బాగుందని మెచ్చుకుని, గంట ఆపేసి వెళ్లిపోయాడు. ఇంకెవరు తప్పు పడతారు మమ్మల్ని.

ఎనిమిదో నెలలో పాపకి మొదటిసారి జ్వరం వచ్చింది. చెవి లాక్కుంటూ గుక్కపట్టి ఏడ్చి, మర్నాటికి చెవిలోంచి చీము కారి, అప్పుడు గానీ నిద్రపోలేదు. ఇంటి దగ్గరి క్లినిక్‌లో మందు రాసిచ్చారు. తగ్గింది. మూడు వారాలకి మళ్లీ వచ్చింది. మళ్లీ మందు. మా అత్త వెల్లుల్లి కాచిన నూనె చెవిలో వేయబోతే నేను అడ్డం పడ్డాను, దాంతో రెండు రోజులు నాతో మాట్లాడలేదు. నేను చదువుకున్నదాన్ని కదా, నా తప్పులు వేరు. పిల్లల మధ్య ఉంటే చురుకవుతుందని పాపని పొద్దుటి పూట క్రెష్‌లో వేశాను, ఏడిస్తే నోట్లో రబ్బరు పీక పెట్టేదాన్ని. స్కూలు నుంచి వచ్చాక మధ్యాహ్నం నోటుపుస్తకాలు దిద్దుకోవాలి. పాపని మంచం మీద వెల్లకిలా పడుకోబెట్టి, పాలసీసాకి దిండు ఆనించి నోట్లో పెట్టేసేదాన్ని. అది తాగుతూ తాగుతూ నిద్రపోయేది. మా అత్త ఆ వేళకి పక్క గదిలో నడుము వాల్చేది కాబట్టి ఆవిడకి తెలియదనుకున్నాను. క్లినిక్‌లో డాక్టరు ప్రతిసారీ ఇంట్లో ఎవరైనా పొగతాగుతారా అని అడిగేవాడు. మా అత్తకి అది పెద్ద అవమానం. "మావాడు టీ కూడా తాగడు సారూ" అని తెలుగులోనే చెప్పేది. నేను తలాడించేదాన్ని.

అలా పది నెలల్లో ఐదుసార్లు. పద్దెనిమిది నెలలొచ్చినా పాప ఒక్క మాట అనలేదు. "వాళ్ల నాయనా మూడేండ్లకు గానీ నోరు విప్పలా" అని మా అత్త కొట్టిపారేసేది, నేనూ నమ్మడానికి సిద్ధంగానే ఉండేదాన్ని. ఒక సాయంత్రం వంటింట్లో నా చేతిలోంచి స్టీలు పళ్లెం జారి బండల మీద పడింది. సోఫాలో కునుకుతున్న మా ఆయన ఉలిక్కిపడి లేచారు. పాప మాత్రం అటు తిరిగి కూర్చుని, డబ్బాలో చిక్కుడు గింజలు ఒక్కొక్కటే వేసుకుంటూనే ఉంది. నేను వెనక నిలబడి "చిట్టీ" అని పిలిచాను. మళ్లీ పిలిచాను. మా ఆయనా నేనూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. నా బిడ్డకి చెవులు వినపడవు అన్న మాట నా మనసులో మొదటిసారి పూర్తిగా తయారైంది. అంత భయం అంతకు ముందు నేనెరుగను.

పెద్దాసుపత్రిలో చెవుల డాక్టరమ్మ ఒమానీ మనిషి. వాళ్ల అమ్మమ్మ బలూచీ కావడంతో మాకంటే మంచి హిందీ మాట్లాడింది. పాప చెవిలో చిన్న గొట్టం ఆనించి మిషను నొక్కితే ఒక కాగితం వచ్చింది. దాని మీద ఒక గీత, ఈ చివరి నుంచి ఆ చివరికి చదునుగా. "దుక్మ్ రోడ్డులాగుంది" అన్నారు మా ఆయన మెల్లగా. డాక్టరమ్మ అవునంది. బాగున్న చెవికి మధ్యలో కొండలా లేవాలట. కర్ణభేరి వెనకాల నీరు చేరి జిగురులా నిలిచిపోయిందట, అందుకే అది కదలడం లేదు. ముక్కుకీ చెవికీ మధ్య ఒక సన్నని దారి ఉంటుందని, పసిపిల్లల్లో అది పొట్టిగా, దాదాపు అడ్డంగా ఉంటుందని, కాస్త వాచినా మూసుకుపోతుందని చెప్పి, ప్రశ్నలు మొదలుపెట్టింది. పడుకోబెట్టి పాలు పడతారా అంది. నేను హిందీ మాట తెలుగులో చెప్పగానే మా అత్త, "లేదమ్మా, నేను ఒళ్లో పెట్టుకునే పడతా" అంది. డాక్టరమ్మ నా వైపు చూసింది. నేను గోడ మీది చెవి బొమ్మ వైపు చూశాను. పొగతాగేవాళ్లున్నారా అంది. లేరన్నాం ముగ్గురం. అప్పుడామె రెండో చెవి చూడటానికి పాప తల దగ్గరికి వంగి, ఆగి, పాప జుట్టు వాసన చూసింది. "లుబాన్?" అంది.

మా అత్త మొహం వికసించింది. ఆ ఒక్క మాటా ఆవిడకి తర్జుమా అక్కర్లేదు. రోజుకి రెండుసార్లని వేళ్లతో చూపించింది. డాక్టరమ్మ నవ్వి, తన కొడుక్కి తన తల్లీ ఇలాగే వేసేదని, ఆ విషయంలో ఒక ఏడాది పోట్లాడానని చెప్పింది. సిగరెట్‌దైనా, లుబాన్‌దైనా, మూసిన గదిలో పసిబిడ్డ ముక్కుకి పొగ పొగే అంది. ఫలానా ఒక్కటే కారణమని తను చెప్పలేనని, క్రెష్‌లో అంటుకునే జలుబులు, పాలు పట్టే తీరు, పీక, పొగ అన్నీ కలిసే ఉంటాయని అంది. మూడు నెలలు ఇవన్నీ సరిచేసి చూద్దాం, అప్పటికీ కొండ లేవకపోతే మత్తిచ్చి చెవికి చిన్న గొట్టం వేయాలి అంది. నేను తెలుగులో చెప్తున్నంతసేపూ మా అత్త తలదించుకుని కూర్చుంది.

ఇంటికొచ్చాక ఆవిడ మూకుడు కడిగి బోర్లించి, దాని ముందే కూలబడింది. "నా చేతులతోనే నా మనమరాలికి చెవుడు తెచ్చినానే" అంది. ఏడవలేదు, అదే నన్ను కుదిపేసింది. పక్కన కూర్చుని చెప్పేశాను. "అత్తా, పాలసీసాకి దిండు ఆనించేది నేనే. అక్కడ చెప్పడానికి నోరు రాలేదు." ఆవిడ మూకుడు పక్కకి జరిపింది. "తెలుసులేమ్మే. దిండు గలీబుకి పాలమరకలుంటే ఉతికేది నేనే కదా" అంది. తెలిసీ డాక్టరమ్మ ముందు నా పేరెత్తలేదు ఆవిడ. నా పెళ్లయిన ఆరేళ్లలో మొదటిసారి మా అత్త ఒళ్లో తల పెట్టుకుని ఏడ్చాను.

మర్నాటి నుంచి మా ఇంట్లో యుద్ధప్రాతిపదికన పనులు మొదలయ్యాయి. సర్వసైన్యాధిపతి మా అత్తే. మిగిలిన లుబాన్ మొత్తం కింది ఇంటివాళ్లకి ఇచ్చేసింది, ఆ ఇంట్లో పసిపిల్లలు లేరని రెండుసార్లు అడిగి మరీ. క్రెష్ మానిపించాం. పీకని ఆవిడ చెత్తబుట్టలో వేసి, పాప మూడు రోజులు రాగం తీస్తే మూడు రోజులూ ఎత్తుకుని తిరిగింది. సీసా పోయి గ్లాసు వచ్చింది, అదీ నిటారుగా కూర్చుంటేనే. ఇంటికి ఎవరొచ్చినా గుమ్మంలోనే "జలుబుందా?" అని అడిగేది. ఒకసారి మా ఆయన ఫోర్‌మన్ తుమ్మితే టీ ఇచ్చి బాల్కనీలో కూర్చోబెట్టింది. ఇక పరీక్షలు. మా ఆయన తాళాలు గలగలలాడించడం, నేను చప్పట్లు కొట్టడం, మా అత్త గరిటెతో బిందె మోగించడం. పాప కన్ను ఇటు మళ్లితే చాలు, విన్నదని ఒకరు, నీడ చూసిందని ఒకరు. నా గుండె రోజుకి పదిసార్లు పైకి లేచి కింద పడేది. ఆశ అంత అలసట పుట్టిస్తుందని నాకప్పుడే తెలిసింది. రెండు నెలలు దాటినా జ్వరం రాలేదు. ఆ సంగతి పైకి అంటే దిష్టి తగులుతుందని ఎవరమూ అనలేదు.

మూడో నెల చివర ఆసుపత్రికి వెళ్లే రోజు మా ఆయన నైట్ డ్యూటీ దిగి నిద్రపోకుండానే కారు తీశారు. మిషను కాగితం వదులుతుంటే ముగ్గురం బల్ల మీదికి వంగిపోయాం. డాక్టరమ్మ మమ్మల్ని వెనక్కి జరగమనాల్సి వచ్చింది. కుడి చెవి గీత చదునుగా కొంతదూరం వచ్చి, నింపాదిగా పైకి లేచి, దిగింది. ఎడమది కాస్త పొట్టిగా లేచింది, అయినా లేచింది. చదువురాని మా అత్తే అందరికంటే ముందు చదివింది. "కొండలే, మన పక్క పాలకొండలు మాదిరి" అంది. గొట్టం అవసరం లేదని, మాటలు నిదానంగా వస్తాయని డాక్టరమ్మ చెప్పింది. మా ఆయన గోడకి ఆనుకుని కళ్లు తుడుచుకున్నారు.

బయటికొచ్చేటప్పుడు పాప వాళ్ల నాన్న భుజం మీద ముందు పోతోంది. మా అత్త కావాలనే నాలుగడుగులు వెనకపడి, బిందె లేదు, గరిటె లేదు, పక్కనున్న నాకే సరిగా వినపడనంత మెల్లగా "చిట్టీ" అంది. పాప తల తిప్పి చూసింది. నేను ఇంకోసారి పిలవమన్నాను. "వద్దులేమ్మే, ఒకసారి చాలు" అని ఆవిడ మెట్ల మీద కూర్చుండిపోయింది.

ఇప్పుడా చిట్టి ఏడో తరగతి దాటింది. నోరు తెరిస్తే మూయదు, చెవుల్లో ఎప్పుడూ ఇయర్‌ఫోన్లు. అన్నానికి నాలుగుసార్లు పిలిచినా పలకదు. ఐదోసారి గొంతు పెంచబోయి ఆగిపోతుంటాను. ఆ తల ఒక్కసారి ఇటు తిరిగితే చాలని మూడు నెలలు ఊపిరి బిగబట్టిన నేను, వినపడుతూ కూడా తిరగకపోతే విసుక్కునేంత దూరం వచ్చేశాను, కాలం మనిషికి ఇంతకంటే పెద్ద ధీమా ఏమిస్తుంది.