చూడని మూడో అంకం

ఆంబ్రోస్ త్రెల్‌ఫాల్ మా మాంచెస్టర్ సాయంత్రం పేపర్లో ముప్పై ఏళ్లు విలేకరిగా పనిచేశాడు. కోర్టు కేసులు, పురపాలక సంఘం సమావేశాలు, మిల్లు ప్రమాదాలు, కుక్కల పోటీలు రాసేవాడు. రాసిన లక్షల మాటల్లో పుస్తకాలకెక్కింది ఒక్క వాక్యం. అచ్చుగదిలో సీసపు అక్షరాలు పేర్చి దాన్ని అచ్చుకి కూర్చింది నేనే.

పందొమ్మిది వందల పన్నెండు, ఫిబ్రవరి. మా నాటక విమర్శకుడు రొమ్ము పడిశంతో మంచం పట్టాడు. కొత్త నాటకం ఉంది, ఎవరో ఒకరు వెళ్లాలి. సంపాదకుడి కంటికి ఆ క్షణాన ఆంబ్రోస్ కనబడ్డాడు, అంతే. నాటకం పేరు ‘మగ్గం ఆగిన రోజు’. రాసింది ఓల్డమ్‌లో చిన్నపిల్లలకు చదువు చెప్పే టీచరు, హెస్టర్ క్లెగ్ అనే ఆవిడ. అదే ఆవిడ మొదటి నాటకం.

ఆ మొదటి ప్రదర్శనకి నేనూ వెళ్లాను, పైన గ్యాలరీలో కూర్చున్నాను. మా అమ్మ నేతపని చేసిన మనిషి. నేతవాళ్ల గురించి నాటకం వేస్తున్నారంటే మా వీధి వీధంతా కదిలింది. కథ పెద్దదేం కాదు. ఒక నేతగత్తె కొడుకు సమ్మె చేసినవాళ్ల పేర్లు యజమానికి చేరవేస్తాడు. రెండు అంకాలు ఇరుగుపొరుగు వచ్చి తిడతారు, తల్లి తలవంచుకుని వింటుంది. నిజం చెప్పాలంటే ఆ రెండంకాలూ కాస్త సాగాయి. మూడో అంకంలో తల్లి భోజనానికి ఇద్దరికీ పళ్లేలు పెడుతుంది. కొడుకు వచ్చి తలుపు తడతాడు. ఆమె తీయదు. వాడు బతిమాలతాడు, అరుస్తాడు, ఏడుస్తాడు. ఆమె కూర్చుని తింటుంది. తన పళ్లెం ఖాళీ అయ్యాక వాడి పళ్లెం ముందుకు లాక్కుని అదీ తింటుంది. ఒక్క మాట మాట్లాడదు. గ్యాలరీలో ఎప్పుడూ వేరుశెనక్కాయలు వలుస్తూ ఉండే జనం చేతులు ఆగిపోయాయి. పక్కన మా అమ్మ నా మోచెయ్యి పట్టుకుని వదల్లేదు.

మర్నాడు ఉదయం ఆంబ్రోస్ సమీక్ష నా ముందుకొచ్చింది. పదహారు లైన్లు. చివరిది ఇది: “మూడో అంకంలోనూ ఈ రచయిత్రి దగ్గర కొత్తగా చెప్పడానికేమీ లేదు.”

నేను కాగితం పట్టుకుని ఆయన బల్ల దగ్గరికి వెళ్లాను.

“ఆంబ్రోస్ గారూ, మూడో అంకం మీకు నచ్చలేదా?”

“నీకెందుకయ్యా? అక్షరాలు కూర్చు. అభిప్రాయాలు కూర్చడానికి మేమున్నాం” అన్నాడు, నవ్వుతూనే.

కూర్చాను.

రెండు వారాలు ఆడాల్సిన నాటకం శనివారంతో ఆగింది. తప్పంతా ఆ పదహారు లైన్లదే అనను. కానీ మా మిల్లు ఊళ్లలో జనం చదివేది మా పేపరే. నాటకాన్ని లండన్ తీసుకెళ్దామనుకున్న పెద్దమనిషి కూడా ఆ సమీక్ష చదివే వెనక్కి తగ్గాడని తర్వాత తెలిసింది. హెస్టర్ క్లెగ్ తన బడికి తాను పోయింది. ఆంబ్రోస్ కుక్కల పోటీలకు పోయాడు.

ఇరవై నాలుగేళ్లు ఎవరూ ఆ మాటెత్తలేదు. ఆయనా నేనూ ఈలోగా స్నేహితులమయ్యాం. ఆయన భార్య లవీనియా పోయినప్పుడు శవపేటిక మోసినవాళ్లలో నేనొకణ్ణి. కూతురు డోర్కస్ నన్ను సైలస్ మామా అనేది. ఆ పిల్ల చదువుకుని ఆడపిల్లల హైస్కూల్లో సాహిత్యం చెప్పే టీచరైంది.

ముప్పై ఆరులో లండన్‌లో ఎవరో కుర్రవాళ్లు ఒక చిన్న నాటకశాలలో ‘మగ్గం ఆగిన రోజు’ వేశారు. పాత ప్రదర్శనలో తెర వెనక మాటలందించినవాడి ఇంట్లో ప్రతి దొరికిందట. ఇక పత్రికలు ఊగిపోయాయి. ఇంత గొప్ప రచయిత్రిని దేశం ఎలా పోగొట్టుకుంది, ఆ మూడో అంకంలోని మౌనానికి సాటి ఏది అని ఒకరిని మించి ఒకరు రాశారు. అప్పటికి హెస్టర్ చనిపోయి పదిహేడేళ్లు. యుద్ధం తర్వాత వచ్చిన విషజ్వరంలో పోయింది.

మరుసటి ఏడు ఒక ప్రొఫెసరు ఆంగ్ల నాటక విమర్శ చరిత్ర అని లావుపాటి పుస్తకం వేశాడు. అందులో కళ్లుండీ చూడలేని విమర్శకుల గురించి ఒక అధ్యాయం. దాని మొదట్లోనే ఆంబ్రోస్ వాక్యం. సమీక్ష కింద పేరు లేకపోయినా ఆ ప్రొఫెసరు మా ఆఫీసు పాత దస్త్రాలు తిరగేసి పేరు పట్టుకున్నాడు. డోర్కస్ బడిలో ఆ పుస్తకం తెప్పించారు. పదిమంది టీచర్ల మధ్య ఎవరో ఆ పుట గట్టిగా చదివారు.

ఆ పిల్ల ఇంటికొచ్చి పుస్తకం తండ్రి ముందు పెట్టింది.

“ఇది నువ్వేనా నాన్నా?”

“నేనే.”

“పోనీలే. నచ్చలేదు, రాశావు. ఎవరి రుచి వాళ్లది. అందులో సిగ్గుపడాల్సిందేముంది?”

ఆయన పుస్తకం మూసి పక్కన పెట్టాడు. మర్నాడు మధ్యాహ్నం ఆఫీసు ఎదురు టీ దుకాణంలో నాకు చెప్పాడు. తెచ్చిపెట్టిన తిండి ముట్టలేదు, టీ చల్లారిపోయింది.

“నేను మూడో అంకం చూళ్లేదు సైలస్.”

“చూడకుండానే రాశారా?” అన్నాను.

“రెండో అంకం కాగానే లేచి వచ్చేశాను. బూట్లు తడిసిపోయి ఉన్నాయి. పాదాలు కొయ్యబారిపోయాయి. ట్రామ్ దొరుకుతుందో లేదో అనుకున్నాను. అంతే. ఇంకే కారణమూ లేదు. పిల్లకి ఒంట్లో బాగాలేదనో, ఆఫీసులో తొందరనో చెప్పుకోడానికి కూడా లేదు. తడి బూట్లు.”

నేను ఆయన్ని ఓదార్చలేకపోయాను. ఆ అంకం చూసినవాణ్ణి నేను. ఆ రోజు పొద్దున వెళ్లి అడిగినవాణ్ణీ నేనే. ఒక నవ్వుకి వెనక్కి తిరిగి వచ్చేశాను.

ఆయన ప్రొఫెసరుకి ఉత్తరం రాశాడు. నేను గుడ్డివాణ్ణి కాను, దొంగని, అని ఉన్నదున్నట్టు రాశాడు. జవాబు మర్యాదగానే వచ్చింది. మీ నిజాయితీ మెచ్చుకోదగ్గది, అయితే నా అధ్యాయం ఒక కాలపు అభిరుచి గురించి, ఒక మనిషి బద్ధకం గురించి కాదు, కాబట్టి మార్చలేను. అదీ సారాంశం. ఆంబ్రోస్ ఆ ఉత్తరం చూసి నవ్వాడు. ఆ నవ్వు వినడానికి బాగాలేదు.

“చేసిన తప్పుకి తిట్టేవాడే దొరకడంలేదు. చెయ్యనిదానికి తిడుతున్నారు.”

ఆ తర్వాత ఆయన సరిగా తినలేదు, ఎవరితోనూ మాట్లాడలేదు. ఒకరోజు, “హెస్టర్‌కి చెల్లెలుంది, ఓల్డమ్‌లో. నాకు తోడు రా” అన్నాడు. నా సొంతూరు అదే కాబట్టి దారి నాకు తెలుసు. ఒక ఆదివారం ప్రార్థనలయ్యాక వెళ్లాం.

కెజయా క్లెగ్ అరవైకి దగ్గరపడిన మనిషి. పెళ్లి చేసుకోలేదు. మిల్లు శబ్దానికి చెవులు కొంచెం మందగించాయి. ఆంబ్రోస్ పేరు చెప్పగానే ఆమె తలుపు మూస్తుందనుకున్నాను. లోపలికి రమ్మంది. వంటింట్లో కూర్చోబెట్టి, అలమరలోంచి కాగితాల కట్టలు తెచ్చి బల్లమీద వరసగా పేర్చింది. తొమ్మిది కట్టలు.

“ఇవన్నీ మూడో అంకమే. మీరు రాసింది చదివాక మా అక్క మళ్లీ రాసింది. అది బాగాలేదని మళ్లీ. బడినుంచి రావడం, దీపం ముందేసుకుని కూచోవడం. ఏడేళ్లండీ. ‘పేపరాయన ఊరికే అనడు కెజయా, ఏదో చూసే ఉంటాడు, అదేంటో నాకు అంతుబట్టడం లేదు’ అనేది. ఇంకో నాటకం రాయవే అంటే, ‘ఇది సరిచేసుకోలేనిదాన్ని ఇంకోటేం రాస్తాను’ అనేది.”

ఆమె ఆంబ్రోస్ ఎదురుగా కూర్చుంది.

“మిమ్మల్ని తిట్టడానికి లోపలికి పిలవలేదు. ఒక్కటి చెప్పండి. అందులో ఏం తక్కువైంది? అది తెలుసుకోకుండానే మా అక్క పోయింది. కనీసం నాకైనా చెప్పండి.”

ఆంబ్రోస్ గట్టిగా, ఆమెకు వినబడేలా చెప్పాడు.

“నేను చూడలేదమ్మా. మూడో అంకం అసలు చూడలేదు. ముందే లేచి వెళ్లిపోయాను.”

కెజయా ఆ కట్టలవంక చూసింది.

“అయితే ఏమీ తక్కువ కాలేదన్నమాట” అంది.

ఆయన బల్లమీద తల ఆన్చి ఏడ్చాడు. నేను ఆయన్ని ఇరవై అయిదేళ్లుగా ఎరుగుదును. భార్య పోయిననాడు కూడా అలా ఏడవలేదు. ఆమె ఓదార్చలేదు. “ఇక వెళ్లండి” అంది. గుమ్మం దాటుతుంటే మాత్రం, “ఇప్పటికైనా చూడండి” అంది.

ఆ వసంతంలోనే నాటకం మాంచెస్టర్ వచ్చింది. శనివారం మధ్యాహ్నం ప్రదర్శనకి వెళ్లాం. మూడో అంకంలో తలుపు చప్పుడు మొదలవగానే ఆయన కుర్చీచేతులు పట్టుకున్నాడు. తల్లి రెండో పళ్లెం ముందుకు లాక్కున్నప్పుడు ఆయన గొంతులోంచి ఏదో శబ్దం వచ్చింది. ముందు వరసలోవాళ్లు వెనక్కి తిరిగి చూశారు. తెర పడ్డాక జనమంతా వెళ్లిపోయినా లేవలేదు.

ఇంటికెళ్లి సమీక్ష రాయబోయాడు. మూడు వారాలు కూర్చున్నాడు. ఒక్క లైను నిలవలేదు. “ఏం రాసినా ఆమె చదవదు సైలస్. ఇక ఎవరికోసం రాయను?” అన్నాడు. ఉన్నట్టుండి మళ్లీ ఓల్డమ్ వెళ్లాడు. ఈసారి ఒక్కడే. ఆ తొమ్మిది ప్రతులూ చదవనివ్వమని కెజయాని అడిగాడు. ఆమె ఏమనుకుందో, సరేనంది. కాగితాలు గడప దాటకూడదంది.

అలా శనివారం శనివారం ఆమె వంటింట్లో కూర్చుని చదివాడు. కొట్టివేతలతో సహా, అంచుల్లో రాసుకున్న మాటలతో సహా, ఒక్కో ప్రతీ రెండుసార్లు. సంవత్సరం పట్టింది. అయిపోయాక కెజయా అడిగింది, నిజం చెప్పమని.

“అన్నిటికంటే మొదట ఆడినదే మంచిది. ఒక్కొక్కటీ ముందుదానికంటే నీరసపడింది. ప్రతిదాంట్లో తల్లి ఇంకొంచెం ఎక్కువ మాట్లాడుతుంది. మీ అక్క నాకు భయపడి రాసింది. తొమ్మిదోదాంట్లో తలుపు తీసేస్తుంది. అది హెస్టర్ చేతిరాత కూడా కాదు.”

“నాది. జ్వరంలో ఉంటే తను చెప్పింది, నేను రాశాను. చివర తను చెప్పలేదు. నోట మాట పడిపోయింది. తలుపు తీసింది నేనే. అక్కకి కాస్త శాంతి ఉంటుందనుకున్నాను” అందామె.

ఇద్దరూ ఆ కాగితాల ముందు సాయంత్రందాకా కూర్చున్నారట. ఆ తర్వాత ఆయన అక్కడికి వెళ్లలేదు. ఆమె రావద్దనలేదు, రమ్మనలేదు.

ఆంబ్రోస్ పందొమ్మిది వందల నలభై చలికాలంలో, బాంబులు పడుతున్న రోజుల్లో, న్యుమోనియాతో పోయాడు. ఆఖరి రోజుల్లో మాటిమాటికీ దుప్పటి కాళ్లతో తన్నేసేవాడు, పాదాలు తడిగా ఉన్నాయని. డోర్కస్ తుడుస్తూ కూర్చునేది. అవి ఎండిపోయే ఉండేవి.

యుద్ధం అయిపోయింది. గాలి మారింది. కొత్తగా వచ్చిన విమర్శకులకి హెస్టర్ క్లెగ్ పాతబడిపోయింది. మిల్లువాళ్ల కన్నీళ్ల నాటకాలు చాలన్నారు. పాఠ్యపుస్తకాల్లోంచి ఆమెను తీసేశారు. మొన్న యాభై మూడులో లండన్ పత్రికలో ఒక యువ విమర్శకుడు ఇంకా ముందుకెళ్లాడు. ఆ మూడో అంకంలో సత్తా లేదని మొదటిరోజే కనిపెట్టినవాడు మాంచెస్టర్‌లో ఒకడున్నాడనీ, లోకం అతన్ని వెక్కిరించింది కానీ ఆ తరంలో కళ్లున్నది అతనొక్కడికేననీ రాశాడు. ఆంబ్రోస్ త్రెల్‌ఫాల్ పేరు పూర్తిగా వేశాడు.

డోర్కస్ ఆ పత్రిక పట్టుకుని మా ఇంటికొచ్చింది. కళ్లనిండా నీళ్లు, ముఖం నిండా సంతోషం.

“చూశావా మామా? నాన్నకి న్యాయం జరిగింది. పదహారేళ్లు ఆ పుస్తకం చూసినప్పుడల్లా తల దించుకున్నాను.”

“అమ్మా, మీ నాన్న ఆ అంకం చూడలేదు.”

“తెలుసు, నాకూ చెప్పాడు. అయితే ఏం? ఎవరికి తెలుసది? నీకూ నాకూ. ఊరుకో మామా. నీకు దణ్ణం పెడతాను, ఊరుకో.”

రెండు రోజులు ఊరుకున్నాను. మూడోరోజు ఓల్డమ్ వెళ్లి కెజయాకి ఆ పత్రిక వినిపించాను. డెబ్బై నాలుగేళ్ల మనిషి. చెవి దగ్గర అరిచి చదవాల్సొచ్చింది. అంతా విని, “ఆయన ఉంటే ఏం చేసేవాడు?” అని అడిగింది. ఆయన ఏం చేసేవాడో మా ఇద్దరికీ తెలుసు.

ఆ యువ విమర్శకుడికి ఉత్తరం రాశాను. తడి బూట్ల సంగతి, తొమ్మిది ప్రతుల సంగతి, అంతా రాశాను. అచ్చు వేస్తారనుకోలేదు. వేశారు, కింద నా పేరుతో సహా. డోర్కస్ అప్పటినుంచీ నాతో మాట్లాడటం లేదు. వీధిలో కనబడితే అవతలి పక్కకి దాటిపోతుంది.