ఏడు ఘాతం సున్నా

తొంభైల చివర్లో పెనుకొండలో ఎనిమిదో తరగతికి నేను లెక్కలు చెప్పాను. చదివింది జువాలజీ. లెక్కల సారు బదిలీ మీద గాండ్లపెంటకు వెళ్లిపోతే, హెడ్మాస్టరు ఆ పీరియడ్లు నా నెత్తిన రుద్దారు. రోజూ హిందూపురం నుంచి ప్యాసింజర్లో వస్తూ ఆ పూట చెప్పాల్సింది గైడులో చూసుకునేదాన్ని. అరకొర చదువుకు కోపం తోడు. ఎవరైనా ప్రశ్న అడిగితే అంతెత్తున లేచేదాన్ని.

ధర్మవరంలో లెక్కల పోటీకి బడికి ఒక్కరినే పంపమన్నారు. ఘాతాంకాల మీద చిన్న పరీక్ష పెట్టాను. ఇద్దరమ్మాయిలు సరిసమానంగా వచ్చారు, ఆఖరి లెక్క దాకా. ఏడు ఘాతం నాలుగును ఏడు ఘాతం నాలుగుతోనే భాగించి సూక్ష్మీకరించాలి. బట్టల కొట్టాయన కూతురు సున్నా అని రాసింది. కనగానపల్లి నుంచి వచ్చి మేనత్త ఇంట్లో ఉండి చదువుకునే పిల్ల ఒకటి అని రాసింది. దానికి ఎర్రసిరాతో ఇంటూ కొట్టాను.

ఆ పిల్ల కాగితం పట్టుకుని వచ్చింది.

"నాలుగులో నాలుగు పోతే ఏముంటుంది?" అన్నాను.

"సున్నానే. అది పైనుండే అంకె కదా మేడమ్. కింద ఏడు అట్లే ఉండాది. ఏ సంఖ్యనైనా దాంతోనే భాగిస్తే ఒకటే కదా?"

"నాకే పాఠం చెప్తావా? సున్నా అని దిద్దుకుని పో!"

ఆదివారం పోటీకి ధర్మవరం బయలుదేరాను. నేను ఎంపిక చేసిన కూతురితో కొట్టాయన పెనుకొండలో నా రైలు పెట్టెలోకే ఎక్కాడు. బండి కదిలాక ఆ అమ్మాయి నోటుపుస్తకం నా ముందు పెట్టింది.

"మేడమ్, ఐదు ఘాతం మూడును దాంతోనే భాగించినా. విడదీసి రాస్తే పైన నూటిరవై ఐదు, కింద నూటిరవై ఐదు. కొట్టేస్తే ఒకటి వస్తాండాది. యాడ తప్పు చేసినా?"

ఆ లెక్కను పై నుంచి కింది దాకా రెండుసార్లు చూశాను. "తప్పు లేదు, ఒకటే రాయి," అని మాత్రం అన్నాను. రావాల్సిన పిల్ల వెనకాలే ఉండిపోయింది. బండి ముందుకే పోతోంది.

పోటీ జరిగినంతసేపూ ఒకచోట కుదురుగా ఉండలేకపోయాను. వరండాలో తిరిగాను, గేటు దాకా పోయి వచ్చాను. "కూర్చోండి మేడమ్, మా పాప బాగానే రాస్తాది," అని కొట్టాయన కాఫీ తెచ్చిచ్చాడు. అది చేతిలోనే చల్లారింది. తిరుగు బండిలో పెనుకొండ రాగానే, మేనత్త ఇంటికి పోదామని తలుపు దాకా వెళ్లాను. ఆ పిల్ల ఎదురుగా నిలబడాలంటే సిగ్గేసింది. మళ్లీ వచ్చి సీట్లో కూలబడ్డాను.

సోమవారం ఆ లెక్కనే బోర్డు మీద చేశాను. "ఒకటే సరైంది. తప్పు నాది. ఈ పిల్లను పంపకపోవడం కూడా నా తప్పే," అని అందరి ముందూ చెప్పి, ఆ పిల్ల పుస్తకం తీసుకున్నాను. అందులో పెట్టుకున్న పరీక్ష కాగితం మీద ఒకటి కొట్టేసి, పక్కన సున్నా గుండ్రంగా దిద్దుకుంది. అంతటితో ఆగలేదు. పుస్తకం వెనక పేజీల్లో ఉన్న అలాంటి లెక్కలన్నింటికీ వెతికి వెతికి సున్నాలు పెట్టింది.

"పరీక్షలో ఒకటి అని రాయాల్నా మేడమ్?" అని మెల్లగా అడిగింది.

"నీకేమనిపిస్తుంది?"

"మీరు ఏది చెప్తే అదే మేడమ్."

నాలుగు రోజుల కింద నాతో వాదించిన పిల్లే. ఏడుపొచ్చింది. బోర్డు వైపు తిరిగి, తుడిచిన చోటే మళ్లీ తుడుస్తూ నిలబడ్డాను.