ఊపిరితో సహా నోలీన్ గొంతు

ఆస్ట్రేలియా రేవు ఊరు పోర్ట్ కెంబ్లాలో రొవీనా పాస్క్ అంటే బేకరీలో రొట్టెలు కాల్చే మనిషని అందరికీ తెలుసు. సాయంత్రాలన్నీ ఒక పాత కారు పందేల ఆటకు ధారపోస్తుందని మాత్రం కొందరికే తెలుసు. నలభై దాటాక ఈ పిచ్చేమిటని అక్క దెప్పితే, "నీ మొగుడి ఫుట్‌బాల్ పిచ్చి కంటే నయమేలే" అనేది.

ఆట పేరు కోస్ట్ ఛేజ్. చాలా ఏళ్ల కిందట ఈ ఊళ్లోనే నలుగురు కుర్రాళ్లు తయారుచేశారు. కొత్త కంప్యూటర్లలో కార్లు పరిగెడతాయి గానీ, వెంటపడే పోలీసుల రేడియో మూగబోతుంది. అది లేకపోతే ఆట ఉప్పులేని కూరే. రొవీనా పట్టు వదలకుండా పాత డిస్కులోంచి ఆ మాటలు బయటికి లాగింది. "ఎర్ర కారు", "రేవు రోడ్డు", "దారి మూసేయండి" అంటూ అన్నీ విడివిడి ముక్కలు. ఆటే వాటిని అప్పటికప్పుడు అతికించి వాక్యం చేస్తుంది. ఆమె గరగరలన్నీ కత్తిరించి, ఒక్కో ముక్కనూ అద్దంలా తుడిచింది.

ఆ గొంతు నిజానికి పోలీసులది కాదు. టాక్సీ ఆఫీసులో కూర్చుని రేడియో మీద బండ్లను పంపే నోలీన్ ట్రాంటర్‌ది. నటికి డబ్బిచ్చే స్తోమత లేక కుర్రాళ్లు ఆవిణ్ణి బతిమాలుకున్నారు. నోలీన్ పోయిన ఏడాది చనిపోయింది. ఆ టాక్సీల్లోనే పదిహేడో నంబరుది నడిపిన భర్త కెవ్ దగ్గర ఆమె గొంతున్న టేపు ఒక్కటీ లేదు. అందుకే రొవీనా ఆయన్ని టీకి పిలిచి, తన పనితనం వినిపించింది.

"చక్కగా ఉందమ్మాయ్," అన్నాడు కెవ్, కప్పులోకి చూస్తూ.

"ఏమైంది పెద్దాయనా? రొట్టె మాడితే మొహం మీదే అంటావుగా, ఇదీ చెప్పు!"

"గొంతు దానిదే. మనిషే లేదు. మాట్లాడేముందు ఊపిరి లాగేది. ఆ ఊపిరిని బట్టే తెలిసేది నాకు, కోపంగా ఉందో అలిసిపోయిందో. కోపమైతే వేడివేడి చిప్స్ పొట్లం కొనుక్కుని ఇంటికెళ్లేవాణ్ణి."

రొవీనాకు తల కొట్టేసినట్టయింది. ఆ ఊపిర్లనే చెత్తనుకుని, కూర్చుని మరీ ఏరి పారేసింది. ఏం తెలివి! డిస్కు చూస్తే ఆ ఒక్కసారికే పనిచేసి ఆపైన మొరాయించింది. తీసింది తీసినట్టు ఒక కాపీ దాచాకే కత్తెర పట్టాలనేది ఈ పనిలో మొదటి నియమం. దాచిందా, తొందరలో మరిచిందా? ముసలాయన ముందే కంప్యూటరంతా వెతికింది. దొరికింది. కళ్లలో నీళ్లు తిరిగాయి.

గరగరలతోనే మొదటి ముక్క పెట్టింది. టక్కుమని మైకు మీట నొక్కిన చప్పుడు. ఆ వెంటనే, ముక్కుతో చిన్నగా లాగిన ఊపిరి.

నోలీన్ ఇంకా మాట మొదలుపెట్టలేదు. కెవ్ ఎడమ చెయ్యి టాక్సీలో మైకు ఉండేచోటికి, గాలిలోకి వెళ్లింది.

"పదిహేడో బండి," అన్నాడు మెల్లగా. "చెప్పు నోలీన్, వింటున్నా."