గూళూరు వైపు సంబంధం

మా తమ్ముడికి పిల్లను వెతకడం మొదలుపెట్టి నాలుగేళ్లయింది. అమ్మ పోయాక ఆ పని నా మీద పడింది. ఎన్ని ఇళ్లల్లో కూర్చుని ఎన్ని కాఫీలు తాగామో గుర్తుపెట్టుకోవడం మానేశాను. ఎక్కడికి వెళ్లినా వాడు ఇస్త్రీ చొక్కా వేసుకుని, చేతులు ఒళ్లో పెట్టుకుని, తల వంచుకుని కూర్చుంటాడు. ముప్పై నాలుగేళ్ల మనిషి. తాగడు, తిరగడు, డిగ్రీ చదివాడు. వాడిలో లోపం ఒక్కటే. ఊరు బాగేపల్లి తాలూకాలో, గూళూరు పక్కన.

"యాడప్పా మీది?" అని అడిగేదాకా అన్నీ బాగానే ఉంటాయి. బాగేపల్లి అంటే మొహాలు కొంచెం ముడుచుకుంటాయి. గూళూరు అంటే లోపలికి వెళ్లిన పిల్ల ఇక బయటికి రాదు. అందుకని "హైవేకు దగ్గరేనని చెప్పురా" అని వాడికి నేనే నేర్పాను. నిజానికి దగ్గరేమీ కాదు. దగ్గరైనా ఆ హైవే మీద కార్లు విమానాశ్రయానికి పోతాయి గానీ మా చేలల్లో నీళ్లు పోయవు. మా ఊరి ఆడపిల్లలు మాత్రం ఇటువైపు కోడళ్లుగా బాగానే వస్తున్నారు. అటు పోయేవాళ్లే లేరు. చింతామణికి నేనూ అలా వచ్చినదాన్నే.

మొన్న ఎండాకాలంలో చిక్కబళ్ళాపుర పక్కన ఒక ఊరికి వెళ్లాం. ద్రాక్ష తోటలు, షెడ్లలో గులాబీలు, ఇంటింటికీ కొళాయి. జిల్లా ఒక్కటే, మాకూ వాళ్లకూ కలెక్టరు కూర్చునే డీసీ ఆఫీసు ఒక్కటే. బెంగళూరికి దగ్గరున్న ఊరు ఒకలా, దూరమున్నది ఇంకోలా ఎందుకుండాలని అడిగే ఓపిక నాకెప్పుడో పోయింది.

పిల్ల తల్లి మంచి మనిషి. డొంకతిరుగుడు లేకుండా అడిగింది.

"బోరులో నీళ్లుండాయా అప్పా?"

"ఒగదాంట్లో కొంచెం వస్తాండాయమ్మా. ఇంగొగటి ఎండిపోయింది" అన్నాడు తమ్ముడు. నేను కాలు తొక్కినా వినలేదు.

ఆమె నా వైపు తిరిగింది. "నీకు ఆడపిల్లలుండారా అమ్మా?"

"ఒగతే. పోయిన సంవత్సరమే పెండ్లి చేసినాం."

"ఎవురికిచ్చినారు?"

"మా ఆయన చెల్లెలి కొడుక్కి. చింతామణిలోనే."

ఆమె తలూపింది. అంతే. అక్క కూతురి మీద మొదటి హక్కు మేనమామదని మా వైపు అందరికీ తెలుసు. పెళ్లికాని ఆ మేనమామ ఎదురుగానే కూర్చుని ఉన్నాడు. పిల్లను వేరే ఇంటికి ఎందుకిచ్చావని ఆమె నన్ను అడగలేదు. అడిగినా బాగుండేది.

అమ్మ బతికున్నప్పుడు నోరు తెరిచి అడిగింది, "నీ బిడ్డను మనింటికే ఇయ్యమ్మా" అని. "దగ్గర సంబంధాలు పుట్టే పిల్లలకు మంచివి కాదంట, డాక్టర్లే చెప్తాండారు" అన్నాను. ఎంత తెలివి నాది! చింతామణి మేనల్లుడి దగ్గరికొచ్చేసరికి ఆ డాక్టర్లు ఎటు పోయారో. అసలు సంగతి వేరు. ఆ ఊళ్లో బోరింగు కొట్టి కొట్టి చేతులు కాయలు కాసినదాన్ని నేను. నా కూతురు ఆ బిందె పట్టుకోకూడదు. దాచేదేముంది, కారణం అదొక్కటే. పెళ్లిలో పిల్లను గంపలో కూర్చోబెట్టి పీటల దాకా మోసుకొచ్చింది మా తమ్ముడే. నవ్వుతూనే మోశాడు.

ఆమె ముందు నేను నేల చూస్తుంటే పక్కనుంచి తమ్ముడి గొంతు వినిపించింది.

"మాయక్క ఇస్తాననే అనిందమ్మా. నేనే ఒద్దన్నా. నేను ఎత్తుకోని ఆడించిన పాప అది."

వాడు తలెత్తి మరీ చెప్పాడు. ఆమె "ఔనా అప్పా" అని నన్ను చూసింది. నమ్మలేదని ఆ చూపులోనే తెలిసింది. ఫోన్ చేస్తామన్నారు. చేయరని మాకందరికీ తెలుసు.

బస్టాండులో చింతామణి బస్సు ముందు వచ్చింది. వాడు ఎక్కి, నాకు కిటికీ పక్కన సీటు పట్టి, దిగి కింద నిలబడ్డాడు.

"ఎందుకురా అట్ల చెప్పినావు?" అన్నాను.

"ఇంగేం చెప్పేదక్కా" అన్నాడు. తర్వాత కిటికీ చువ్వ పట్టుకుని, "పాపకు మాత్రం ఈ సంగతి చెప్పొద్దు. బాధపడతాది" అన్నాడు.

బస్సు కదిలింది. ఏడుపొచ్చింది. పక్కనామె చూస్తున్నా ఆపుకోలేకపోయాను. వాడిలాంటి మొగుడు ఎవరి కూతురికైనా దొరకడం కష్టం. అయినా ఆ కిటికీ కింద నిలబడి, "అక్కా, నీకింగొగ కూతురుంటే నాకిస్తావా?" అని వాడు అడిగి ఉంటే, ఇవ్వననే చెప్పేదాన్ని.