నీళ్ల కింది గడప

అంతయ్యది ప్రాజెక్టు కట్టినప్పుడు గోదావరి నీళ్లలో మునిగిన ఊరు. ఊరు పోయింది గానీ ఆయన పంతం మాత్రం చెక్కుచెదరలేదు. పక్క పొలం నాగయ్యతో మూరెడు గెట్టు కోసం పద్దెనిమిదేళ్ల కింద మాటలు మానేశాడు. ఇప్పుడు ఆ గెట్టు మీద చేపలు తిరుగుతున్నాయి. అయినా సరే, మాటల్లేవు!

ఫిన్లాండు నుంచి హెల్మి అనే ఆమె, మునిగిన ఊళ్ల జ్ఞాపకాల మీద సినిమా తీస్తానని వచ్చింది. "మా ఇల్లా? కండ్లు మూసుకోని చూపిస్త" అని అంతయ్య గొప్పగా మాటిచ్చేశాడు. తీరా రేవుకు వెళ్తే ఉన్నది ఒక్కటే పడవ. తెడ్డు పట్టుకుని కూర్చున్నది నాగయ్య.

వెనక్కి తిరిగి పోయేవాడే. కానీ జేబులో భార్య బాలవ్వ ఇచ్చిన పసుపు పొట్లం ఉంది. ఊరు మునిగిన ఈ ఏడేళ్లుగా తన గడపకు పసుపు పెట్టలేదని ఆమెకు ఒకటే దిగులు. "మన గడప మీదనే వెయ్యి. ఆ పక్కింటి నాగయ్య గడప మీద పడ్డదో, ఇంటికి రాకు" అని మరీ చెప్పి పంపింది. పడవ ఎక్కక తప్పలేదు.

ఇంగ్లీషులో చెప్పడానికి వచ్చిన ప్రిస్కిల్లా టీచరమ్మకు పని రెట్టింపయింది.

"బిడ్డా, తెడ్డు పట్టినాయనకు చెప్పు. ఇండ్ల మీదికెల్లి పోవద్దు, తొవ్వ పట్టుకోని పొమ్మను" అన్నాడు అంతయ్య.

"టీచరమ్మా, గాయినకు చెప్పు. నాకు తొవ్వ ఎర్కనే" అన్నాడు నాగయ్య.

ప్రిస్కిల్లా తెలుగును మళ్లీ తెలుగులోనే చెబుతుంటే, "వీళ్లిద్దరివీ వేరే భాషలా?" అని హెల్మి బిత్తరపోయింది.

నడి నీళ్లలో అంతయ్య లేచి నిలబడ్డాడు. "ఆపుమను! గిదే మా ఇల్లు."

కెమెరా అతని వైపు తిరిగింది. అంతయ్య చుట్టూ చూశాడు. ఎటు చూసినా ఒక్కటే నీళ్లు. తను పుట్టిన ఇల్లు ఎక్కడుందో తనకే తెలియడం లేదు. సిగ్గుతో కళ్లు చెమర్చాయి. అయినా పంతం కొద్దీ పొట్లం విప్పబోయాడు.

"ఆగురా అంతయ్యా!" నాగయ్య గట్టిగా అరిచాడు. "గీ నీళ్ల కింద ఉన్నది మా నిమ్మచెట్టు. మీ గడప ఇంకా ముందట."

గుట్టను, ఒడ్డు మీది నీళ్ల ట్యాంకును మార్చి మార్చి చూసుకుంటూ నాలుగుసార్లు తెడ్డు వేసి ఆపాడు. "గిక్కడ."

"నీకెట్ల ఎర్కరా?" మధ్యలో ప్రిస్కిల్లా ఉన్న సంగతే అంతయ్య మరిచిపోయాడు.

"దినాం వలేస్త గదా. మీ ఇంటి మీద మాత్రం వెయ్య. పంచాది నీతోని గని ఇంటితోనా?"

అంతయ్య పొట్లం విప్పి పసుపు చల్లాడు. అది నీళ్ల మీద కాసేపు పచ్చగా తేలింది.

పొట్లంలో ఇంకా సగం ఉంది. నాగయ్య భార్య పోయి మూడేళ్లు. ఆ గడపకు పసుపు పెట్టేవాళ్లు లేరు.

"వెనకకు తిప్పురా, మీ గడప కాడికి" అన్నాడు అంతయ్య. తర్వాత కెమెరా గుర్తొచ్చి గాబరాగా ప్రిస్కిల్లా వైపు తిరిగాడు. "బిడ్డా, గిది మాత్రం సినిమాల పెట్టొద్దని చెప్పు ఆమెకు. మా బాలవ్వ చూస్తది."